సహకార బ్యాంకు పాలకవర్గం తొలగింపు – ప్రభుత్వ అధికారానికి చట్టం గీసిన హద్దులు

సారాంశం

రైతుకు పంట రుణం, విత్తనం, ఎరువు అందించే సహకార పరపతి వ్యవస్థకు పాలకవర్గమే గుండెకాయ. సభ్యులు ఎన్నుకున్న ఆ పాలకవర్గాన్ని ప్రభుత్వం తొలగించవచ్చునా, తొలగిస్తే ఏ కారణంతో, ఎంతకాలానికి, ఎవరిని సంప్రదించి అన్న ప్రశ్నలకు చట్టం, రాజ్యాంగం, న్యాయస్థానాల తీర్పులు ఇచ్చిన సమాధానాలను ఈ వ్యాసం పరిశీలిస్తుంది. తెలుగు రాష్ట్రాలలో అమలులో ఉన్న 1964, 1995 నాటి సహకార చట్టాలు, 2011 నాటి పాడి సహకార సంఘాల తీర్పు, 2013 నాటి పన్నా జిల్లా సహకార బ్యాంకు తీర్పు, 97వ రాజ్యాంగ సవరణ, 2020 నాటి బ్యాంకింగ్ నియంత్రణ చట్ట సవరణ ఇందులోని ప్రధానాంశాలు.

పరిచయం

వ్యవసాయ విస్తరణ శాస్త్రవేత్త గ్రామానికి వెళ్ళినప్పుడు మొదట కలిసేవారిలో ప్రాథమిక వ్యవసాయ సహకార సంఘం అధ్యక్షుడు ఒకరు. ప్రదర్శన క్షేత్రం ఎంపిక, విత్తన పంపిణీ, ధాన్యం కొనుగోలు కేంద్రం వంటి పనులు ఆ సంఘం ద్వారానే సాగుతాయి. వానాకాలం పంటకు రుణాలు మంజూరు కావలసిన జూన్ నెలలో పాలకవర్గం రద్దయితే ఆ ప్రభావం జిల్లా కేంద్ర సహకార బ్యాంకు నుంచి చిట్టచివరి సభ్యుని పొలం దాకా పాకుతుంది. సంతకం ఎవరు చేయాలి, తీర్మానం ఎవరు ఆమోదించాలి, పాత బకాయిల బాధ్యత ఎవరిది అన్న సందేహాలు తేలేలోగా అదను దాటిపోతుంది.

దీనికి రెండవ పార్శ్వం కూడా ఉన్నది. 2001 తరవాతి కొద్ది సంవత్సరాలలో హైదరాబాద్, సికింద్రాబాద్ నగరాలలోని కృషి, చార్మినార్, ప్రుడెన్షియల్, వాసవి సహకార అర్బన్ బ్యాంకులు కుప్పకూలి వేలాది డిపాజిటర్లు రోడ్డున పడ్డారు. ఎన్నికైన పాలకవర్గమైనంత మాత్రాన అది నిజాయితీగా పనిచేస్తుందన్న హామీ లేదని ఆ అనుభవం చెప్పింది. కనుక తొలగించే అధికారం పూర్తిగా లేకపోతే డిపాజిటర్ నష్టపోతాడు. ఆ అధికారానికి హద్దు లేకపోతే సభ్యుడు నష్టపోతాడు. ఈ రెండింటి నడుమ సమతూకం ఎక్కడ అన్నదే ఈ అధ్యయనానికి మూలప్రశ్న.

ఒకే నగరం, మూడు చట్టాలు

పాలకవర్గం తొలగింపు గురించి మాట్లాడే ముందు ఆ సంస్థ ఏ చట్టం కింద నమోదైందో తెలుసుకోవాలి. హైదరాబాద్ నగరమే ఇందుకు మంచి ఉదాహరణ. ట్రూప్ బజార్‌లో ప్రధాన కార్యాలయం గల రాష్ట్ర సహకార అపెక్స్ బ్యాంకు, దానికి అనుబంధమైన జిల్లా కేంద్ర సహకార బ్యాంకులు 1964 నాటి సహకార సంఘాల చట్టం పరిధిలోనివి. మద్రాసు రాష్ట్రపు 1932 చట్టం, హైదరాబాద్ రాష్ట్రపు 1952 చట్టం స్థానంలో ఉమ్మడి ఆంధ్రప్రదేశ్ తెచ్చుకున్న చట్టమిది.

హైటెక్ సిటీకి ఆనుకుని ఉన్న కొండాపూర్, గచ్చిబౌలి ప్రాంతాలలోని అనేక అపార్ట్‌మెంట్ల యజమానుల సంఘాలు 'పరస్పర సహాయ సహకార నిర్వహణ సంఘం' అన్న పేరుతో నమోదయ్యాయి. ఇవి 1995 నాటి పరస్పర సహాయ సహకార సంఘాల చట్టం కిందికి వస్తాయి. ములుకనూరు మహిళల పాల సహకార సమాఖ్య, పల్లెల్లోని మహిళా పొదుపు సంఘాలు నమోదైనదీ ఆ చట్టం కిందనే. సాఫ్ట్‌వేర్ ఉద్యోగి నెలనెలా నిర్వహణ రుసుము చెల్లించే సంఘానికీ, పాడి రైతు మహిళ రోజూ పాలు పోసే సంఘానికీ ఒకే చట్టం రక్షణ ఇస్తున్నదన్న సంగతి సాధారణంగా ఎవరి దృష్టికీ రాదు.

ఇక హైదరాబాద్ కేంద్రంగా పనిచేసే ఏపీ మహేశ్ కో-ఆపరేటివ్ అర్బన్ బ్యాంకు వంటివి ఒకటికి మించిన రాష్ట్రాలలో పనిచేస్తాయి కనుక కేంద్రం చేసిన 2002 నాటి బహుళ రాష్ట్ర సహకార సంఘాల చట్టం పరిధిలో ఉంటాయి. ఈ మూడింటిలో తొలగింపు నిబంధనలు ఒకదానితో మరొకటి పోలవు.

1964 చట్టం – 34వ సెక్షన్ స్వభావం

1964 చట్టంలోని 34వ సెక్షన్ పాలకవర్గాన్ని రద్దు చేసే అధికారాన్ని రిజిస్ట్రారుకు ఇచ్చింది. పాలకవర్గం సక్రమంగా పనిచేయకపోవడం, రిజిస్ట్రారు ఇచ్చిన చట్టబద్ధమైన ఆదేశాలను ఉద్దేశపూర్వకంగా ధిక్కరించడం ఇందుకు కారణాలు. రద్దుకు ముందు పాలకవర్గానికి తన వాదన చెప్పుకునే అవకాశం ఇవ్వాలి. రద్దు చేసిన పిదప ప్రత్యేకాధికారినో, కొద్దిమందితో కూడిన కమిటీనో నియమించి నిర్ణీత కాలానికి నిర్వహణ అప్పగిస్తారు.

ఇక్కడ విద్యార్థి గమనించవలసిన అంశాలు మూడు. మొదటిది, అధికారం చట్టరీత్యా రిజిస్ట్రారుది. మంత్రిదీ, స్థానిక నాయకునిదీ కాదు. పైవారి మాట మీద రిజిస్ట్రారు సంతకం చేస్తే ఆ నిర్ణయం అతనిది కాకుండా పోతుంది, న్యాయస్థానంలో నిలవదు. రెండవది, 'సక్రమంగా పనిచేయడం లేదు' అన్న అభిప్రాయానికి ఆధారం ఉండాలి. 51వ సెక్షన్ కింద విచారణ, 52వ సెక్షన్ కింద తనిఖీ జరిపే ఏర్పాటు అందుకే ఉన్నది. మూడవది, ఒకరిద్దరు డైరెక్టర్లు నిధులు దుర్వినియోగం చేస్తే ఆ సొమ్మును వారి నుంచే రాబట్టడానికి 60వ సెక్షన్ కింద సర్‌ఛార్జి చర్య ఉన్నది. వ్యక్తి తప్పుకు వ్యక్తిని శిక్షించే మార్గం ఉండగా మొత్తం పాలకవర్గాన్ని రద్దు చేయడం ఎలుకల బాధకు ఇల్లు తగలబెట్టుకున్నట్లవుతుంది. రద్దు అన్నది చివరి మందు కావాలే గాని మొదటి మందు కారాదు.

పన్నా తీర్పు – సంప్రదింపు అంటే ఏమిటి

సహకార బ్యాంకు విషయంలో ఈ హద్దులను సర్వోన్నత న్యాయస్థానం అత్యంత స్పష్టంగా చెప్పిన సందర్భం మధ్యప్రదేశ్‌లోని పన్నా జిల్లా కేంద్ర సహకార బ్యాంకు కేసు. ఆ రాష్ట్ర చట్టం ప్రకారం సహకార బ్యాంకు పాలకవర్గాన్ని రద్దు చేసే ముందు రిజర్వు బ్యాంకును సంప్రదించాలి. ముప్పై రోజులలో రిజర్వు బ్యాంకు తన అభిప్రాయం తెలపకపోతే అంగీకరించినట్లు భావించవచ్చు. 2011లో అక్కడి జాయింట్ రిజిస్ట్రారు ఈ సంప్రదింపును సక్రమంగా పూర్తి చేయకుండానే పాలకవర్గాన్ని రద్దు చేశారు.

2013 మే 16న జస్టిస్ కె.ఎస్. రాధాకృష్ణన్, జస్టిస్ దీపక్ మిశ్రాల ధర్మాసనం ఆ రద్దు చెల్లదని తేల్చింది. రిజర్వు బ్యాంకుకు ఒక లేఖ పంపి ఊరుకోవడం సంప్రదింపు కాదు. షోకాజ్ నోటీసు, దానికి పాలకవర్గం ఇచ్చిన జవాబు, ఇతర ఆధారాలు రిజర్వు బ్యాంకు ముందు ఉంచినప్పుడే అది తన బుద్ధిని వినియోగించి అభిప్రాయం చెప్పగలుగుతుంది. కాగితాలు పంపకుండా ముప్పై రోజులు గడిచాయి కనుక అంగీకారమే అని వాదించడం కుదరదు. రిజిస్ట్రార్లు అధికార పక్షపు ఒత్తిడికి లోనై పాలకవర్గాలను కూలదోయరాదని ఆ తీర్పు హెచ్చరించింది. అంతేకాక, పదవికి దూరమైనంత కాలం మేరకు ఆ పాలకవర్గం కొనసాగేందుకు అనుమతించింది. అక్రమంగా తొలగిస్తే ఆ కాలం గడిచిపోతుంది గనుక తీర్పు వచ్చినా ఫలం ఉండదన్న ధీమాకు ఇది అడ్డుకట్ట.

ఈ తీర్పు మరో రాష్ట్ర చట్టాన్ని ఆధారం చేసుకున్నప్పటికీ అందులోని సూత్రాలు తెలుగు రాష్ట్రాలకూ వర్తిస్తాయి. చట్టం ఒక పనికి ఒక పద్ధతి నిర్దేశించినప్పుడు ఆ పద్ధతిలోనే చేయాలి. నోటీసు, జవాబు, పరిశీలన, కారణాలతో కూడిన ఉత్తర్వు అన్న నాలుగు మెట్లలో ఏ ఒక్కటి దాటవేసినా ఉత్తర్వు చెల్లకుండా పోయే ప్రమాదం ఉన్నది.

పాడి సంఘాల తీర్పు – చట్టం మార్చి పట్టు సాధించవచ్చునా

పద్ధతి పాటించడం కష్టమైనప్పుడు ప్రభుత్వాలకు తోచే మరో దారి చట్టాన్నే మార్చడం. దానికీ హద్దు ఉన్నదని తెలుగు నేల మీది వివాదమే తేల్చింది. 1995 చట్టం ప్రభుత్వ వాటాధనం లేని సంఘాలకు, లేదా దానిని తిరిగి చెల్లించిన సంఘాలకు, స్వయంపాలన కల్పించింది. చౌదరి బ్రహ్మప్రకాశ్ కమిటీ రూపొందించిన నమూనా చట్టం స్ఫూర్తితో వచ్చిన ఈ చట్టంలో పాలకవర్గాన్ని రద్దు చేసే అధికారం రిజిస్ట్రారుకు లేదు. జవాబుదారీతనం సభ్యుల సర్వసభ్య సమావేశానికి మాత్రమే. పలు జిల్లాల పాల ఉత్పత్తిదారుల సమాఖ్యలు 1964 చట్టం నుంచి ఈ చట్టంలోకి మారాయి.

2006లో ప్రభుత్వం ఈ చట్టాన్ని సవరించి పాడి సహకార సంఘాలను వెనుకటి తేదీ నుంచి వర్తించే విధంగా 1995 చట్టం పరిధి నుంచి తప్పించి, 1964 చట్టం కింద ఉన్నట్లుగా భావించాలని నిర్దేశించింది. పాడి రంగంలోని మూడంచెల నిర్మాణం దెబ్బతిన్నదన్నది ప్రభుత్వ వాదన. ఉన్నత న్యాయస్థానం 2007లో ఈ సవరణను కొట్టివేసింది. 2011 సెప్టెంబరు 2న ఆంధ్రప్రదేశ్ పాడి అభివృద్ధి సహకార సమాఖ్య, బి. నరసింహారెడ్డి కేసులో జస్టిస్ పి. సదాశివం, జస్టిస్ బి.ఎస్. చౌహాన్‌ల ధర్మాసనం ఆ తీర్పును సమర్థించింది.

తీర్పులోని తర్కం ఇది. సంఘంలో చేరడం, ఏ చట్టం కింద నమోదు కావాలో నిర్ణయించుకోవడం సభ్యుల ఇష్టం. సభ్యులు తెలిసి ఎంచుకున్న స్వయంపాలన చట్టం నుంచి వారి సమ్మతి లేకుండా, అదీ వెనుకటి తేదీ నుంచి, నియంత్రణ చట్టంలోకి నెట్టడం 19(1)(సి) అధికరణ ఇచ్చిన సంఘ నిర్మాణ స్వేచ్ఛకు భంగం. ఇతర సంఘాలను వదిలి పాడి సంఘాలను మాత్రమే వేరుచేయడం 14వ అధికరణలోని సమానత్వానికి విరుద్ధం. బ్యాంకు పాలకవర్గం గురించిన కేసు కాకపోయినా, ఎన్నికైన సహకార నాయకత్వం మీద పట్టు కోసం శాసనాధికారాన్ని వాడుకోవడానికి ఇది హద్దు గీసింది.

97వ రాజ్యాంగ సవరణ – ఇచ్చినదీ, మిగిలినదీ

2012 ఫిబ్రవరి 15న అమలులోకి వచ్చిన 97వ సవరణ సహకార సంఘాలు ఏర్పరచుకోవడాన్ని ప్రాథమిక హక్కుగా 19(1)(సి)లో చేర్చింది. 43బి అధికరణ ద్వారా వాటి స్వయంప్రతిపత్తిని, ప్రజాస్వామిక నియంత్రణను ప్రోత్సహించడం రాజ్య విధానంగా ప్రకటించింది. తొమ్మిది-బి భాగంలోని 243జెడ్ఎల్ అధికరణ రద్దుకు ఐదు కారణాలు మాత్రమే అంగీకరించింది: పదేపదే విధి తప్పడం, విధి నిర్వహణలో నిర్లక్ష్యం, సంఘానికి లేదా సభ్యులకు హానికరమైన చర్య, పాలకవర్గ నిర్మాణంలో లేదా పనిలో ప్రతిష్టంభన, ఎన్నికలు జరపవలసిన సంస్థ జరపకపోవడం. రద్దు కాలం ఆరు నెలలకు మించరాదు. బహుళ రాష్ట్ర బ్యాంకులు కాని సహకార బ్యాంకులకు అది ఒక సంవత్సరం. ప్రభుత్వ వాటా, రుణం, ఆర్థిక సహాయం, హామీ ఏదీ లేని సంఘం పాలకవర్గాన్ని అసలు రద్దు చేయరాదు.

ఈ భాగం మొత్తం నేడు అమలులో ఉన్నదనుకోవడం విద్యార్థులలో తరచుగా కనిపించే పొరపాటు. సహకార సంఘాలు రాష్ట్ర జాబితాలోని 32వ అంశం. అలాంటి విషయం మీద రాజ్యాంగాన్ని సవరించినప్పుడు సగం రాష్ట్రాల శాసనసభల ఆమోదం అవసరం, అది తీసుకోలేదు. ఆ కారణంగా 2021 జూలై 20న రాజేంద్ర ఎన్. షా కేసులో సర్వోన్నత న్యాయస్థానం మెజారిటీ తీర్పుతో రాష్ట్ర సహకార సంఘాల విషయంలో తొమ్మిది-బి భాగాన్ని కొట్టివేసింది. బహుళ రాష్ట్ర సంఘాలకు మాత్రం అది నిలిచింది. 19(1)(సి), 43బి అధికరణలలోని చేర్పులు చెక్కుచెదరలేదు. అంటే జిల్లా కేంద్ర సహకార బ్యాంకుకు ఆరు నెలల, సంవత్సరపు గడువులు రాజ్యాంగ రక్షణగా లేవు. రాష్ట్ర చట్టంలో ఏమున్నదో అదే ప్రమాణం. హక్కు రాజ్యాంగంలో ఉండి, దాని గడువు రాష్ట్ర శాసనసభ చేతిలో ఉన్న స్థితి ఇది.

రిజర్వు బ్యాంకు – రెండవ తాళం

సహకార సంఘం రాష్ట్ర విషయమే గాని బ్యాంకింగ్ కేంద్ర జాబితాలోని 45వ అంశం. 1966 మార్చి 1 నుంచి బ్యాంకింగ్ నియంత్రణ చట్టం సహకార బ్యాంకులకు వర్తించింది. ఆనాటి నుంచి సంఘ నిర్వహణ రిజిస్ట్రారు కింద, బ్యాంకింగ్ వ్యాపారం రిజర్వు బ్యాంకు కింద నడిచే ద్వంద్వ నియంత్రణ మొదలైంది. నగర బ్యాంకుల పతనాలలో ఒకరి మీద ఒకరు బాధ్యత నెట్టుకునే వీలు కల్పించినదీ ఈ ద్వంద్వమే.

ముంబయిలోని పంజాబ్ మహారాష్ట్ర సహకార బ్యాంకు 2019 సెప్టెంబరులో సంక్షోభంలో పడిన తరవాత 2020లో చట్టాన్ని సవరించారు. అంతకు ముందు బహుళ రాష్ట్ర బ్యాంకులకే పరిమితమైన 36ఎఎఎ సెక్షన్ అన్ని సహకార బ్యాంకులకూ విస్తరించింది. 2021 ఏప్రిల్ 1 నుంచి రాష్ట్ర, జిల్లా కేంద్ర సహకార బ్యాంకులు కూడా సవరించిన చట్టం పరిధిలోకి వచ్చాయి. ప్రజాప్రయోజనం కోసం, డిపాజిటర్ల రక్షణ కోసం, సరైన నిర్వహణ కోసం రిజర్వు బ్యాంకు పాలకవర్గాన్ని రద్దు చేయవచ్చు. మొత్తం కాలం ఐదేళ్ళు మించరాదు. రాష్ట్ర చట్టం కింద నమోదైన బ్యాంకు అయితే రాష్ట్ర ప్రభుత్వ అభిప్రాయం కోరాలి.

ఇక్కడ సంప్రదింపు రెండు దిశలలోనూ ఉండడం గమనార్హం. పన్నా కేసులో రాష్ట్రం రిజర్వు బ్యాంకును అడగవలసి ఉండగా, 2020 సవరణలో రిజర్వు బ్యాంకు రాష్ట్రాన్ని అడగాలి. ఒకే పెట్టెకు రెండు తాళాలు వేసినట్లు ఒకరి తొందరపాటుకు మరొకరు అడ్డు నిలవాలన్నది ఇందలి ఉద్దేశం. అయితే ప్రాథమిక వ్యవసాయ సహకార సంఘాలు, తమ పేరులో 'బ్యాంకు' అన్న పదం వాడనంత వరకు, చెక్కులు చెల్లించే సంస్థలుగా వ్యవహరించనంత వరకు, ఈ చట్టానికి వెలుపలే ఉన్నాయి. వాటిలోని పొదుపు నిల్వలకు డిపాజిట్ బీమా కూడా లేదు. కనుక గ్రామ స్థాయిలో సభ్యునికి రెండవ తాళం లేదు. రాష్ట్ర చట్టమే ఏకైక రక్షణ.

రద్దు వేరు, గడువు ముగియడం వేరు

పాలకవర్గాన్ని రద్దు చేయకుండానే ఎన్నికైన పాలనను పక్కన పెట్టే మార్గం మరొకటి ఉన్నది: సకాలంలో ఎన్నికలు జరపకపోవడం. తెలంగాణలో ప్రాథమిక సంఘాలకు 2020 ఫిబ్రవరిలో ఎన్నికలు జరిగాయి. 2025 ఫిబ్రవరిలో గడువు ముగిసినప్పుడు ఎన్నికలకు బదులు ఉన్న కమిటీలకే ఆరు నెలల పొడిగింపు లభించింది. ఆంధ్రప్రదేశ్‌లో 2013లో ఎన్నికైన పాలకవర్గాల కాలం ముగిసిన తరవాత పర్సన్ ఇన్‌చార్జి కమిటీల పద్ధతి నడిచింది. రద్దుకు నోటీసు, విచారణ, కారణాలు కావాలి. గడువు ముగిసిన చోట ఇవేవీ అవసరం లేదు. పదవిలో ఉన్నవారు ప్రభుత్వ దయ మీద కొనసాగుతారు గనుక రద్దు ముప్పు లేకపోయినా స్వేచ్ఛ ఉండదు. గ్రామీణ సహకార పరపతి పునరుద్ధరణ కోసం ఎ. వైద్యనాథన్ అధ్యక్షతన ఏర్పడి 2005లో నివేదిక సమర్పించిన కార్యదళం రద్దు అధికారాన్ని పరిమితం చేయాలన్న సూచనతో పాటు గడువులోగా ఎన్నికలు జరపాలన్న సూచననూ జోడించడంలోని వివేకం ఇదే.

తాత్కాలికంగా వచ్చిన పాలకునికీ హద్దులున్నాయి. కేరళకు చెందిన కుట్టప్పన్ కేసులో 2000లో సర్వోన్నత న్యాయస్థానం, రద్దయిన పాలకవర్గం స్థానంలో వచ్చిన నిర్వాహకునికి కొత్త సభ్యులను చేర్చుకునే అధికారం లేదని తీర్పు చెప్పింది. అతని పని రోజువారీ నిర్వహణ, ఎన్నికల ఏర్పాటు. ఓటర్ల జాబితానే మార్చగలిగితే రాబోయే ఎన్నిక ఫలితాన్ని ముందే నిర్ణయించినట్లవుతుంది.

అన్వయ అభ్యాసం

ఒక జిల్లా కేంద్ర సహకార బ్యాంకులో పంట రుణాల మంజూరులో ఇద్దరు డైరెక్టర్లు అక్రమాలకు పాల్పడ్డారన్న ఫిర్యాదు వచ్చిందనుకుందాం. మరుసటి వారమే మొత్తం పాలకవర్గం రద్దయి, అధికారి ఒకరు బాధ్యతలు స్వీకరించారు. వచ్చిన అధికారి రెండు వందల మంది కొత్త సభ్యులను చేర్చుకున్నారు. దీనిని పరిశీలించే విద్యార్థి ఈ ప్రశ్నలు వరుసగా వేసుకోవాలి. బ్యాంకు ఏ చట్టం కింద నమోదైంది? ఉత్తర్వు ఇచ్చినది అధికారం గల వ్యక్తేనా? విచారణ లేదా తనిఖీ నివేదిక ఉన్నదా? నోటీసుకు జవాబిచ్చే సమయం దక్కిందా, ఆ జవాబును ఉత్తర్వు చర్చించిందా? సర్‌ఛార్జి చర్య సరిపోదా? చట్టం కోరిన సంప్రదింపు కాగితాలతో సహా జరిగిందా? రద్దు కాలం ఎంత? కొత్త సభ్యత్వాలు చెల్లుతాయా?

పై తీర్పుల వెలుగులో చూస్తే వారం రోజుల వ్యవధి జవాబుకు, సంప్రదింపుకు చాలదు. కొత్త సభ్యత్వాలు నిలవవు. ఇద్దరు డైరెక్టర్ల మీద చర్యకు మాత్రం ఆటంకం లేదు. చట్టంలోని అప్పీలు మార్గం, 226వ అధికరణ కింద ఉన్నత న్యాయస్థానం పాలకవర్గానికి అందుబాటులో ఉంటాయి.

విస్తరణ శాస్త్రవేత్తల పాత్ర

విస్తరణ శాస్త్రవేత్త ఈ వివాదాలలో పక్షం వహించనవసరం లేదు. అయితే సంఘ సభ్యుల శిక్షణలో సాగు పద్ధతులతో పాటు సభ్యత్వ హక్కులను ఒక పాఠంగా చేర్చవచ్చు. సర్వసభ్య సమావేశానికి హాజరు, ఆడిట్ నివేదిక చదవడం, మినిట్స్ పుస్తకం సక్రమంగా రాయించడం, బకాయిల సకాల వసూలు అన్నవి మంచి నిర్వహణ లక్షణాలు. అవే రద్దు ఉత్తర్వుకు ఎదురు నిలిచే సాక్ష్యాలు. లెక్కలు సరిగా లేని సంఘాన్ని ఏ తీర్పూ చివరి దాకా కాపాడలేదు. పాలకవర్గం మారిన కాలంలో విత్తన, ఎరువుల పంపిణీ ఆగిపోకుండా సంఘ కార్యదర్శితో ముందుగానే ప్రణాళిక వేసుకోవడం శాస్త్రవేత్త చేతిలోని పని.

ముగింపు

ప్రభుత్వానికి పాలకవర్గాన్ని తొలగించే అధికారం ఉన్నది. కానీ అది సంఘాన్ని సభ్యులకు తిరిగి అప్పగించడానికి ఇచ్చిన అధికారమే తప్ప సభ్యుల నుంచి తీసుకోవడానికి ఇచ్చినది కాదు. కారణం, పద్ధతి, సంప్రదింపు, గడువు అన్న నాలుగు గట్ల మధ్య అది ప్రవహించాలి. 2011, 2013 తీర్పులు ఈ గట్లను బలపరచగా, 2021 తీర్పు తరవాత గడువు అన్న గట్టు రాష్ట్ర చట్టం మీదనే ఆధారపడి ఉన్నది. ప్రాథమిక సంఘాలకు రెండవ రక్షణ లేనందున అక్కడి సభ్యుని చైతన్యం మరింత అవసరం. విత్తు నాణ్యమైనదైనా నేల పదును లేకపోతే మొలక రాదని తెలిసిన వ్యవసాయ శాస్త్రవేత్తలకు, చట్టం ఎంత మంచిదైనా సభ్యులు మేలుకొని లేకపోతే సహకారం నిలవదని వేరుగా చెప్పనక్కరలేదు.